నాలుగు వేళ్ల ఎడం

మా బావ చేతికి ఒక జబ్బుంది. అద్దం మీద మరక కనిపిస్తే ఆగదు. పెళ్లికి ముందు మొదటిసారి మా ఇంటికి వచ్చినప్పుడు, ఇచ్చిన మంచినీళ్లు పక్కనపెట్టి, జేబురుమాలు తీసి మా గోడ అద్దం తుడిచాడు. పనిమంతుడని మా నాన్న మురిసిపోయాడు. ఆ మరకలు ఎవరి చేతివో తెలిసిన అమ్మ నా వైపు గుర్రుగా చూసింది.

ముప్పై ఏళ్లుగా ఆయన పని అద్దాలు తుడవడమే. ఇప్పుడు పనిచేసేది తొమ్మిదంతస్తుల ఆఫీసులో, దానికి గోడల కన్నా అద్దాలే ఎక్కువ. నేను ఆ భవనం గేటు దగ్గర కాపలా. ఈ ఉద్యోగం ఇప్పించింది బావే. నేను మర్చిపోతానేమోనని నెలకు రెండుసార్లు గుర్తు చేస్తుంటాడు.

బావ తుడిచిన అద్దం ఉందో లేదో చెప్పలేం. భవనం తెరిచిన మొదటి వారంలోనే, కింద తలుపు తెరిచే ఉందనుకుని లెక్కల విభాగం పెద్దాయన నేరుగా నడిచివెళ్లి ముక్కు పచ్చడి చేసుకున్నాడు. అందరూ ఐసు ముక్కల కోసం పరుగులు పెడుతుంటే మా బావ ఓ మూల నిలబడి నవ్వు ఆపుకోలేక అవస్థ పడ్డాడు. పనిలో తనకొచ్చిన అతి పెద్ద మెచ్చుకోలు ఆ పచ్చడైన ముక్కేనని ఇప్పటికీ చెప్పుకుంటాడు.

భవనం లేనప్పుడు అక్కడ ఒక పెద్ద మడుగు, దాని చుట్టూ మనిషెత్తు జమ్ము ఉండేవి. చలికాలం మొదలయ్యేసరికి ఎక్కడెక్కడి పిట్టలో వచ్చి వాలేవి. కంపెనీ మడుగును మట్టితో పూడ్చి, వెనకవైపు మాత్రం చూపుకు బాగుంటుందని కాస్త జమ్మును, మోకాలి లోతు నీళ్లను వదిలిపెట్టింది. ఆ తర్వాత ఎగిరే పిట్ట బొమ్మను తన గుర్తుగా పెట్టుకుంది. లోపల గోడల నిండా పిట్టల ఫొటోలు, తోటలో పిట్టల కోసం నీళ్ల చిప్పలు. ఇల్లు పీకి పందిరి వేయడమంటే ఇదే. అయినా పిట్టలు వచ్చాయి, ఎందుకంటే వాటికి తెలిసిన దారి అదొక్కటే.

వెనక గోడ మొత్తం అద్దమే. అందులో జమ్మూ ఆకాశమూ ఉన్నవి ఉన్నట్టు కనబడేవి. పిట్ట ఆ జమ్ములోకే వెళ్తున్నాననుకుని వేగంగా వచ్చి అద్దానికి కొట్టుకునేది. రోజూ పొద్దున గోడ కింద రెండో మూడో పడి ఉండేవి. తోటమాలి వాటిని ఎండుటాకులతో కలిపి ఊడ్చేసేవాడు. తన అద్దం కింద పడినదాన్ని చెత్తలో వేయడం బావకు మనసొప్పలేదు. ఏరి ఇంటికి తెచ్చి, పెరట్లో గొయ్యి తీసి పూడ్చిపెట్టేవాడు. ఎందులో తెచ్చేవాడో మాకు చాలాకాలం తెలియదు.

ఒక సాయంత్రం నేను వాళ్లింట్లో ఉండగా అక్క గిన్నెలు కడుగుదామని ఆయన క్యారేజీ విప్పింది. విప్పి కేక పెట్టింది.

"ఏవండీ! ఏంటండీ ఇది?"

"లకుముకి పిట్ట," అన్నాడు బావ వంటింటి గుమ్మంలో నిలబడి.

"పేరడిగానా నేను? నా గిన్నెలోకి ఎందుకొచ్చింది అంట!"

"సంచిలో అయితే నలిగిపోతుందే. అందుకే పై గిన్నెలో పెట్టా. కూర గిన్నెలో పెట్టలేదుగా."

నేను పొట్ట పట్టుకుని నవ్వాను. అక్క గరిటె నా మీదికి తిప్పింది. "ఏంట్రా ఆ నవ్వు? గేటు దగ్గర ఇంత మనిషివి కూర్చుంటావు, ఇంత పిట్టను ఆపలేవా?"

మర్నాడు ఆ క్యారేజీకి నాలుగో గిన్నె చేరింది. సొట్టలు పడ్డ పాత గిన్నె. "మీ పిట్టలకు ఇది. మిగతావాటి జోలికొచ్చారో, మీకు అన్నం కూడా ఇందులోనే," అంది అక్క.

ఇక బావ చేసిన పొరపాటు చెప్పాలి. అద్దాలు తుడిచేవాడు తప్ప ఇంకెవరూ చేయలేని పొరపాటు అది. అద్దం మసకగా ఉండబట్టే అక్కడ అద్దముందని పిట్టలకు తెలియడం లేదని ఆయన తీర్మానించుకున్నాడు. వారానికి ఒకసారి తుడిచే వెనక గోడను రెండుసార్లు తుడవడం మొదలుపెట్టాడు. తాళ్లకు వేలాడే ఇనుప తొట్టిలో నిలబడి, నోట్లో పాట, చేతిలో రబ్బరు పలక. గోడ తళతళలాడింది. కింద పడేవి అయిదయ్యాయి, ఆరయ్యాయి. "ఇంకా ఎక్కడో మరక ఉందిరా," అని మూడోసారి కూడా తుడిచాడు.

అంతలో ఆయనకు జ్వరం వచ్చి పది రోజులు మంచం దిగలేదు. మొదటిరోజే ఒక పావురం మూడో అంతస్తు అద్దానికి కొట్టుకుంది. దాని ఒంటి మీది బూడిదలాంటి పొడి అద్దానికి అంటుకుని, చాపిన రెక్కలు, ఈకలతో సహా అచ్చు పడిపోయింది. తుడిచేవాడు లేడు కదా, అది అలాగే ఉంది. బావ తిరిగొచ్చిన రోజు నేను మామూలుగా చెప్పాను. "అన్నిచోట్లా పడ్డాయి బావా. ఆ పావురం అచ్చు కింద మాత్రం ఒక్కటీ పడలేదు."

ఆయన తలెత్తి ఆ అచ్చు చూశాడు. బకెట్టు బోర్లించి దాని మీద కూలబడ్డాడు.

"మరకున్న చోట బతికాయన్నమాట," అన్నాడు. "నేను తుడిచేకొద్దీ చచ్చాయిరా. నేనే చంపా. ఎన్నిటిని చంపుంటానంటావు?"

బావను ఆటపట్టించడానికి నా దగ్గర ఎప్పుడూ నాలుగు మాటలు సిద్ధంగా ఉంటాయి. ఆరోజు వాటిని పక్కనపెట్టి నా తువ్వాలు ఆయన చేతికిచ్చాను. ఆయన కళ్లనీళ్లు పెట్టుకోవడం నేను చూసింది అదే మొదలు.

ఆ మధ్యాహ్నం నుంచే, జన్మలో అద్దం మీద వేలిముద్ర సహించని మనిషి, చిక్కటి సబ్బునీళ్లలో వేలు ముంచి తన అద్దాన్ని తనే పాడుచేయడం మొదలుపెట్టాడు. ముందు మధ్యలో పెద్ద సున్నా చుట్టాడు. పిట్టలు సున్నాను తప్పించుకుని పక్కన కొట్టుకున్నాయి. మూరెడు ఎడంలో నిలువు గీతలు గీశాడు. ఒక పిచ్చుక రెండు గీతల నడుమ సందు చూసుకుని మరీ దూరబోయింది. జానెడుకు తగ్గించాడు, అయినా పడ్డాయి. చివరికి నాలుగు వేళ్ల ఎడం దగ్గర పిట్టలు పడటం ఆగింది. మొత్తం గోడ గీయడానికి పన్నెండు రోజులు పట్టింది, వానకు చెరిగినవి మళ్లీ గీసేవాడు. గీస్తున్నంతసేపూ తప్పు చేస్తున్నవాడిలా మొహం పక్కకు తిప్పుకునేవాడు. ఏడు వారాలు నాలుగో గిన్నె ఖాళీగానే ఇంటికొచ్చింది.

మేనేజరు గారి కంట్లో గీతలు పడ్డాయి. పిలిపించి మెమో చేతిలో పెట్టాడు. బావ పిట్టల సంగతి చెప్పబోయాడు.

"పిట్టల విషయం చూడటానికి పర్యావరణ విభాగం ఉందయ్యా. నీ పని తుడవడం. గురువారం పిట్టల మేలు కోరే భవనాల పోటీకి న్యాయనిర్ణేతలు వస్తున్నారు. బుధవారం సాయంత్రానికి గోడ మెరవాలి. లేదంటే యూనిఫారం ఇచ్చేసి ఇంటికెళ్లు."

రిటైర్మెంటుకు మూడేళ్లుంది. అసలే అది పిట్టలు గుంపులుగా దిగే నెల. బుధవారం పొద్దున వాళ్లింటికెళ్లి చేతులు పట్టుకున్నాను. "తుడిచెయ్ బావా. వాళ్లు వెళ్లిపోయాక మళ్లీ గీసుకో. ఏ ఎండకా గొడుగు పట్టకపోతే ఎలా?"

"గురువారం ఒక్కరోజు పిట్టలకు సెలవని చెప్పి రారా మరి," అన్నాడు.

అక్క వైపు తిరిగాను. నువ్వైనా చెప్పవే అన్నాను. ఆవిడ క్యారేజీ సర్దుతోంది. నాలుగో గిన్నెకు మూత పెట్టి, బిగించి, ఆయన చేతికిచ్చింది.

"సాయంత్రం ఇది మాత్రం ఖాళీగా తీసుకురండి," అంది. "ఉద్యోగం సంగతి తర్వాత చూద్దాం."

ఆయన తుడవలేదు.

గురువారం ముగ్గురు వచ్చారు. మేనేజరు వాళ్లను నీళ్ల చిప్పల దగ్గర, ఫొటోల దగ్గర నిలబెట్టి కాలక్షేపం చేశాడు. కానీ వాళ్లలో ఒక పెద్దావిడ, తలకు గుడ్డ టోపీ, మెడలో దుర్భిణీ, ఎవరూ రమ్మనకుండానే వెనక్కి నడిచింది. గోడ ముందు నిలబడి, గీతల మధ్య తన వేళ్లు ఆనించి కొలిచింది. గేటు నుంచి వాళ్ల వెంట వచ్చిన నేను పక్కనే ఉన్నాను. మేనేజరు మొహంలో నెత్తురు చుక్క లేదు.

"సబ్బుతోనా! ఎంత తేలిగ్గా, ఎంత సరిగ్గా చేశారు! ఎవరిది ఈ ఆలోచన?"

మేనేజరు రెప్ప కూడా వేయలేదు. "మాదేనండి. రెండేళ్ల పరిశోధన."

బావ పైన తొట్టిలో ఉన్నాడు. ఆయనకు వినబడలేదు. నాకు వినబడింది. సొమ్మొకడిది సోకొకడిది అని అరవాలనిపించింది, కానీ ఆ నాలుక ఉద్యోగం చేస్తున్న నాలుక. సలాము కొట్టి ఊరుకున్నాను. సిగ్గుతో ఇప్పుడు రాస్తున్నాను.

బహుమతి వచ్చింది. రెక్కలు విప్పిన ఇత్తడి పిట్ట. దాన్ని కింద హాల్లో గాజుపెట్టెలో పెట్టారు. బావ ఉద్యోగం నిలిచింది, మెమో కూడా ఫైల్లో నిలిచింది. అవే గీతలకు ఒకరికి మెమో, ఇంకొకరికి దండ. బావకు అదేమీ పట్టలేదు. "గీతలున్నాయిగా, చాలు," అన్నాడు. పిచ్చి మారాజు!

ఆ ఇత్తడి పిట్ట అంతటితో ఊరుకోలేదు. కంపెనీకి ఇంకో భవనం కట్టాలని ఎప్పటినుంచో కోరిక, స్థలానికే అనుమతి రావడం లేదు. పిట్టల క్షేమం కోరే సంస్థ అని ఇప్పుడు కాగితం మీద రుజువైంది కాబట్టి అనుమతి చకచకా వచ్చేసింది. స్థలం ఏదంటారా? వెనక మిగిలిన జమ్ము. మూడు యంత్రాలొచ్చి నాలుగు రోజుల్లో చదును చేశాయి. ఆ నాలుగు రోజులూ బావ ఏడో అంతస్తు తొట్టిలో నిలబడి చూస్తూ ఉన్నాడు.

మరుసటి చలికాలం వచ్చింది. పిట్టలు కూడా వచ్చాయి, గేటు దగ్గరి నుంచి నా కళ్లతో చూశాను. పైన రెండు చుట్లు తిరిగాయి. దిగడానికి చోటు లేక అలాగే వెళ్లిపోయాయి. ఎక్కడికో నాకు తెలియదు, పర్యావరణ విభాగానికీ తెలియదు.

"ఇప్పుడు పిట్టలే లేవు కదయ్యా, ఆ గీతలెందుకు? తుడిచెయ్," అన్నాడు మేనేజరు. ఎంతో మంచిగా అన్నాడు, మెమో కూడా తీసేయిస్తానన్నాడు. బావ తుడిచాడు. గోడ మళ్లీ తళతళలాడింది, ఈసారి అందులో సిమెంటు స్తంభాలు కనబడ్డాయి. ఆ సంవత్సరం ఒక్క పిట్ట కూడా అద్దానికి తగల్లేదని కంపెనీ గర్వంగా నివేదిక రాసుకుంది. అందులో ఒక్క అక్షరం అబద్ధం లేదు.

మొన్న సాయంత్రం వాళ్లింటికి వెళ్లాను. బావ కాళ్లు కడుక్కుంటున్నాడు. అక్క క్యారేజీ విప్పుతోంది. నాలుగో గిన్నె ఇంకా అందులోనే ఉంది.

"ఇంకా ఎందుకక్కా ఇది? తీసి పక్కన పడెయ్," అన్నాను.

అక్క మూత తీసి లోపలికి చూసింది.

"ఇవాళ కూడా ఏం లేదా అండీ?" అని అడిగింది.

"లేదే," అన్నాడు బావ.

అక్క ఆ ఖాళీ గిన్నెను మిగతావాటితో పాటు కడిగి, పొద్దుటికని బోర్లించింది.