క్లెమ్ బొగ్గుగడ్డ

క్లెమ్ డ్వోర్స్కీ పోయిన శనివారం రిటైరయ్యాడు. పీడా విరగడైంది.

ముప్పై నాలుగేళ్లు మా పశ్చిమ పెన్సిల్వేనియా బొగ్గు ఊళ్లలో హైస్కూలు ఫుట్‌బాల్ అంటే టీవీలో వాడి మొహమే. అంతకుముందు ఫర్నిచర్ దుకాణం ప్రకటనల్లో సోఫాల మీద గెంతేవాడు. బంతి చంకలో ఇరికించుకుని పరుగెత్తే ఆట గురించి వాడికి తెలిసింది తక్కువ. నోరున్నవాడిదే రాజ్యం కదా, ఏలాడు.

వాడి పక్క కుర్చీ నాది. బంతి ఎవరు పట్టారో, ఎవరు వదిలారో చొక్కా నంబరు చూసి, జాబితాలో ఆ పేరు మీద వేలు పెట్టడం నా పని. నేను చూపిస్తే వాడు అరిచేవాడు. మెప్పంతా వాడికే.

ప్రతి ఆట చివరా వాడి తంతు ఒకటుండేది. అందరికన్నా చెత్తగా ఆడినవాడి పేరు చెప్పి, కెమెరా ముందు బొగ్గుగడ్డ ఎత్తి చూపేవాడు. జనం పడీ పడీ నవ్వేవాళ్లు. మా తమ్ముడు డెన్నీ దాకా వచ్చేవరకు నేనూ నవ్వాను.

ఇరవై తొమ్మిదేళ్ల కిందట, జిల్లా ఫైనల్. వాన పడి చొక్కాలన్నీ బురదరంగే. ఆఖరి నిమిషంలో గోలు గీత దగ్గర బంతి జారవిడిచింది ముప్పై ఎనిమిదో నంబరువాడు. నేను ఆ పేరు మీదే వేలు పెట్టాను. క్లెమ్ చూశాడు. ఆ ముప్పై ఎనిమిదో నంబరువాడు మా కార్యక్రమానికి ప్రకటనలిచ్చే కార్ల షోరూం యజమాని కొడుకు.

"ముప్పై ఆరు, డెన్నీ పెట్రాక్" అని క్లెమ్ బొగ్గుగడ్డ ఎత్తాడు.

నా కుర్చీ పోతుందన్న భయంతో తేలు కుట్టిన దొంగలా కూర్చున్నాను.

అప్పటినుంచి మా వాడు బొగ్గు పెట్రాక్. గనిలో అదే పేరు, బారులో అదే పేరు, పెళ్లినాడు చర్చి మెట్ల మీద కూడా అదే పేరు. వాడు అడిగింది ఒక్కటే. "అన్నా, అది నేను కాదని టీవీలో ఒక్కసారి చెప్పించు." ఏటా క్లెమ్‌ను అడిగాను.

"పాతవి తవ్వకు లెన్. ఆట మర్యాద పోతుంది" అనేవాడు. ఆట మర్యాదట, సిగ్గులేని జన్మ.

శనివారం మధ్యాహ్నం ఆఖరి ప్రసారం. "ఇన్నేళ్లలో ఒక్క పేరు తప్పు చెప్పలేదు" అంటూ కళ్లు తుడుచుకున్నాడు. నాకు ఒళ్లు మండిపోయింది. మైకు లాక్కున్నాను.

"చెప్పావు. ఆ ఫైనల్లో బంతి వదిలింది డెన్నీ కాదు, ముప్పై ఎనిమిది. తెలిసే చెప్పావు."

నేను తిన్నగా డెన్నీ ఇంటికి వెళ్లాను. టీవీలో బొమ్మ ఉంది, శబ్దం లేదు.

"విన్నావురా?"

"వాడి గొంతు నేనెప్పుడూ పెట్టను. నువ్వు మైకు లాక్కోవడం చూశా. ఏమన్నావు?"

చెప్పాను. డెన్నీ క్యాబేజీ నూడుల్స్ పళ్లెం నా వైపు జరిపాడు.

"ఆ రోజు కూడా మైకు అక్కడే ఉంది కదన్నా" అన్నాడు.