మళ్ళీ చెప్పు, రాసుకుంటా

"మళ్ళీ చెప్పవే, రాసుకుంటా" అన్నారు మా ఆయన. "ముందు మాత్ర మింగండి, తర్వాత చెబుతా" అన్నాను నేను. మా ఇద్దరి ఆఖరి మాటలు ఇవే. మాత్ర దిండు కింద దాచి, మింగేశానని నర్సమ్మతో అబద్ధమాడినందుకు నేను ఆసుపత్రి మంచం పక్కన నిలబడి తిడుతుంటే, ఆ తిట్టు నచ్చి పెన్ను అడిగిన మనిషాయన. మాత్ర మింగి పడుకున్నారు, మళ్ళీ లేవలేదు. ఆ తిట్టేమిటో ఇప్పుడు నాకూ గుర్తులేదు. మిగిలినవైనా పోకూడదని మా చెల్లెలి కూతురిని కూర్చోబెట్టి చెబుతున్నాను. నాకు సంతకం వరకే వచ్చు.

ఆ రోజుల్లో, అంటే డాబాల మీదుగా కేబుల్ తీగలు ఇంటింటికీ పాకుతున్న రోజుల్లో, బెజవాడలో ప్రతివాళ్ళూ ఏదో ఒక వ్యాపారం పెట్టేవాళ్ళు. మా ఆయన నవ్వుల వ్యాపారం పెట్టారు. లోకల్ కేబుల్లో ఆదివారాలు వేసే అరగంట హాస్య సీరియల్‌కు నిర్మాతా ఆయనే, దర్శకుడూ ఆయనే. పటమటలో మా రెండు గదుల వాటాయే సెట్టు. (ఆయన 'కట్' అనేదాకా నా కుక్కర్ విజిల్ వేయకూడదు. ఆ సంగతి కుక్కర్‌కు ఎవరు చెబుతారు?) మొదటి భాగం తీశారు. మిక్సీల షాపు సాయిబుగారు చూసి సరేనంటే ప్రకటన ఇస్తారు, సీరియల్ నడుస్తుంది. కాదంటే ఉయ్యూరులో మా బావగారు చూసిపెట్టిన చెరకు కాటా గుమాస్తా పనిలో చేరాలి. (అరకిలో వంకాయలు తెమ్మంటేనే తప్పు తూకంతో వచ్చే మనిషి, బండ్లకు బండ్లు ఏం తూస్తారు?) సాయిబుగారేమో నవ్వగా ఎవరూ చూడని మనిషి.

ఒక రోజు సరిగ్గా భోజనాల వేళకు మా ఆయన సాయిబుగారినీ, ఆయన తమ్ముడినీ, కెమెరా అతన్నీ వెంటబెట్టుకుని ఊడిపడ్డారు. నాకు ముందు ఒక్క ముక్క చెప్పలేదు. క్యాసెట్ పెట్టారు. చిత్రమేమిటంటే టీవీలో కథా అదే. మొగుడు చెప్పాపెట్టకుండా ముగ్గురు చుట్టాలను తెచ్చాడు. ఆ భార్య పట్టుచీరలో చేతులు జోడించి, "తమరి రాక మా పూర్వజన్మ సుకృతం, భోజనానికి దయచేయండి" అంది. సాయిబుగారి మొహంలో కదలిక లేదు. మా ఆయన చెమట తుడుచుకుంటున్నారు. నేను వంటింట్లో గిన్నె మూత తీసి చూసుకుంటున్నాను. నాది గరుకు గొంతు, నాలో నేను గొణుక్కున్నా వీధి చివరికి వినిపిస్తుంది.

"సుకృతమట, సుకృతం! ఆవిడగారి గిన్నెలో అన్నం ఉంది కాబోలు. నేను వండింది ఇద్దరికి. ఏమండోయ్, ఆ పట్టుచీరావిడనే ఇటు పంపండి, వచ్చి వడ్డిస్తుంది. నేను వెళ్ళి టీవీలో నిలబడతా!"

ముందు గదిలో ఏదో కూలినట్టు చప్పుడైంది. పరిగెత్తుకెళ్ళి చూస్తే, అది సాయిబుగారి నవ్వు. కళ్ళు తుడుచుకుంటూ, "డైరెక్టర్‌గారూ, అచ్చం మా ఇంట్లో మాటేనండీ! ఇది టీవీలో ఎందుకు లేదు?" అన్నారు.

"అది డైలాగు కాదండీ, మా ఆవిడ తిట్టు" అన్నారు మా ఆయన, నీళ్ళు నములుతూ.

"ఆ తిట్టే పెట్టండి. నా మిక్సీ బొమ్మ వేసుకోండి."

అందరికీ ఉప్మా చేసి పెట్టాను. ఉయ్యూరు కాటా ఇంకెవరికో పోయింది.

మర్నాటి నుంచి ఆయన నోటుబుక్కుతో నా వెనకే. నేనన్నది రాసుకుని, చదివి వినిపించి, "ఇదేగా అన్నావు?" అని అడిగేవారు. నాకు గర్వమొచ్చి ఆలోచించి మాట్లాడబోతే ఒక్కటీ పనికి రాలేదు. "నీకు కోపమొస్తేనే సీరియల్ నడుస్తుందే" అనేవారు. ఇక చూడండి, మంచం మీద తడి తువ్వాలు, వంటింట్లో చెప్పులు, సంచీ నిండా ముదిరిన బెండకాయలు. నేను నోరు తెరిచేసరికి ఆయన పెన్ను మూత తీసి సిద్ధంగా ఉండేవారు. కూరగాయల బజారులో ఆడవాళ్ళు, "మీ ఆయన సీరియల్లో ఆవిడ ఒట్టి గయ్యాళండీ" అంటే, "అవునండీ, పాపం ఆ మొగుడు!" అనేదాన్ని.

మాత్ర చేదని దాచారో, డైలాగు కోసం దాచారో ఇప్పటికీ తేల్చుకోలేను. అప్పట్లో నిజంగానే కోపం వచ్చేదనుకున్నాను, పిచ్చిదాన్ని. ఇప్పుడు మా ఇంట్లో తువ్వాలు తీగ మీదే ఆరుతోంది.

అమ్మాయ్, రాశావా? నా తిట్లను మర్యాదగా మార్చలేదు కదా? మీ పెదనాన్న ఒక్క ముక్క మార్చేవారు కాదు. ఏదీ, మొదటి నుంచి చదివి వినిపించు.