మార్కమ్‌లో ఫాదర్ గారి అచ్చుగది, నేను తిరగేసి కుట్టిన పుస్తకాలు

మా కాలేజీ బస్సులో ఎటు చూసినా తెలుగే వినిపిస్తున్న రోజులవి. కెనడాలోని ఓక్‌విల్‌లో ప్రింటింగ్ కోర్సు చదువుతూ ఒక లెబనీస్ బేకరీలో పార్ట్‌టైమ్ చేసేదాన్ని. అక్కడ రొట్టెలు కాల్చే సమీరా ఆంటీ ఒకరోజు అడిగారు. "మార్కమ్‌లో ఉండే మా అన్నయ్య మారొనైట్ ఫాదర్. ప్రార్థన పుస్తకాలు ఆయనే అచ్చేస్తారు. చూపు తగ్గిపోయింది. ఈ ఆదివారం పూజకి నలభై పుస్తకాలు కుట్టాలి, శనివారం వెళ్తావా?" మారొనైట్ అంటే ఇంటిపేరు అనుకుని సరేనన్నాను.

శనివారం ఉదయం తొమ్మిదికి రైలెక్కాను. పది డాలర్ల వీకెండ్ పాస్‌తో రోజంతా తిరగొచ్చు. యూనియన్ స్టేషన్‌లో మారి, మార్కమ్‌లో దిగి బస్సెక్కేసరికి పదకొండు దాటింది. "చర్చి స్టాప్ ఎక్కడ?" అంటే "ఏ చర్చి? ఈ దారిలో నాలుగున్నాయి" అన్నాడు డ్రైవర్. మారొనైట్ అన్నాను. అతనికీ తెలియలేదు. రెండు స్టాపులు దాటిపోయి వెనక్కి నడిచాను.

మారొనైట్ అంటే ఇంటిపేరు కాదు, లెబనీస్ క్రైస్తవుల్లో ఒక శాఖ అని అక్కడికెళ్లాకే తెలిసింది. ఫాదర్ గారికి ఎనభై పైనే. పద్నాలుగేళ్లకే లెబనాన్‌లో ఒక కొండమీది మఠంలో చేరి, అక్కడి ప్రెస్సులో అక్షరాలు పేర్చడం నేర్చుకున్నారట. అక్కడి అంతర్యుద్ధంలో ప్రెస్సు కాలిపోతే, మిగిలిన సీసపు అక్షరాలను పెట్టెలో సర్దుకుని కెనడా వచ్చారు.

"ఎయిర్‌పోర్టులో బుల్లెట్లా అని అడిగారమ్మా. ప్రార్థనలు అన్నాను. ఇంకా అనుమానం పెరిగింది" అని నవ్వారు.

అచ్చు కాగితాలు చూసి అడిగాను, "ఇది అరబిక్కా ఫాదర్?"

"మాటలు అరబిక్. అక్షరాలు సిరియాక్, మా పాత ప్రార్థన భాషవి."

నాకు బుర్ర తిరిగింది. ఆయన అడిగారు, "మీ అమ్మకి మెసేజ్ ఏ అక్షరాల్లో పెడతావు?"

"తెలుగే... ఇంగ్లిష్ అక్షరాల్లో."

"మేమూ అంతే, వందల ఏళ్లుగా."

ఆయన పక్కగదిలో కునుకు తీస్తుంటే కాగితాలు మడిచి, అట్టలు పెట్టి దారంతో కుట్టాను. ముప్పై పూర్తయ్యాక, అలమారలోని పాత పుస్తకం ఒకటి తెరిచి చూశాను. అది కుడివైపు నుంచి తెరుచుకుంది. సిలువ ముద్ర ఉన్న అట్టను నేను మన పుస్తకాల్లాగా పెట్టాను. అన్నిటికీ మొదటి అట్ట చివర్లో ఉంది!

చెప్పాలా వద్దా? ఆయనకు కనబడదు. సాయంత్రం బేకరీలో నా షిఫ్ట్. కానీ రేపు ఆ పుస్తకాలు పట్టుకునేవాళ్లకు కనబడుతుంది కదా. వెళ్లి లేపి చెప్పాను.

ఆయన ఒక పుస్తకం తీసుకుని వేళ్లతో తడిమారు. తర్వాత, "కత్తెర ఆ సొరుగులో ఉంది. నువ్వు దారాలు కత్తిరించు, నేను విడదీస్తా" అన్నారు.

ఆంటీకి ఫోన్ చేస్తే, "షిఫ్ట్ నేను చూసుకుంటాలే" అన్నారు. నలభయ్యో పుస్తకం ముడి వేసేసరికి ఐదయింది. ఫాదర్ "ఇది నీకు" అని దాన్ని నా చేతిలోనే ఉంచారు.

"నాకు ఇది చదవడం రాదు ఫాదర్."

"మా చర్చి పిల్లలకీ రాదు. అయినా అచ్చేస్తూనే ఉన్నా."

ఇప్పటి పిల్లలెవరూ చదవలేని అక్షరాలకు ఒక మనిషి అరవై ఏళ్లు ఎందుకు ఇచ్చాడో తిరుగు రైల్లో ఎంత ఆలోచించినా అర్థం కాలేదు. ఇప్పటికీ పూర్తిగా కాలేదు. కానీ ఆ ముప్పై పుస్తకాలనూ విప్పుతున్నప్పుడు విసుగు రాలేదన్నది మాత్రం నిజం.

మీరు వెళ్తే ఒక్క మాట: అటువైపు శనివారం రైళ్లు గంటకొకటే, తిరుగు రైలు టైమ్ ముందే చూసుకోండి. కుట్టుపనికి కూర్చుంటే మాత్రం, పుస్తకం ఎటు తెరుచుకుంటుందో సూది పట్టకముందే అడగండి.