నరసక్క చేత మెత్తించిన గోడ

ఇరవై ఏళ్లకు పైగా ఒక మాట నా కడుపులోనే ఉండిపోయింది. భార్యకు చెప్పలేదు. దేవుడి ముందు కూడా, నిజం చెప్పాలంటే, సగమే చెప్పుకున్నాను. మీరెవరో నాకు తెలియదు. నేనెవరో మీకు తెలియనక్కర్లేదు. అందుకే మీతో చెప్పగలుగుతున్నాను.

మాది గోరంట్ల పక్క చిన్న పల్లె. తొంభైల చివర్లో మా ఊరి గుట్టను కంకర క్వారీకి ఇచ్చారు. గుట్ట కింద పన్నెండు ఇండ్లు. మందు పేలినప్పుడల్లా అటక మీది మట్టి చట్లు కిందపడేవి, గోడలు బీటలు వారేవి. నరసక్క ఇల్లు అందరికంటే దగ్గర. ఆమె పడమటి గోడ బీటలో నా చెయ్యి పట్టేది. మొగుడు పోయాక ఒంటి చేత్తో కట్టుకున్న ఇల్లు అది. ఆమే ముందుండి అందరి చేతా క్వారీ మీద కేసు వేయించింది. చదువొచ్చినవాడినని కాగితాలు, బీటల ఫోటోలు అన్నీ నాకిచ్చారు.

కోర్టు కమిషనర్ వచ్చి బీటలు చూసి రాసుకుపోతాడని, ఆ రాతను బట్టే తీర్పని నోటీసు వచ్చింది. ఆ వారమే క్వారీ మేనేజరు నన్ను పిలిచి టీ తాగించాడు. కంకర కొట్టే క్రషర్ దగ్గర గుమాస్తా పని ఖాళీగా ఉందన్నాడు. నేను లేస్తుంటే, "ఆ సారొచ్చే పొద్దుకు ఇండ్లు రవంత నీటుగా ఉంటే బాగుంటాదప్పా" అన్నాడు. అంతే. నాకు అర్థం కాలేదని ఎన్నేళ్లు నన్ను నేను నమ్మించుకున్నానో! అర్థమయింది. గ్లాసు కింద పెట్టకముందే అర్థమయింది. వరసగా పంట పోయిన ఇంట్లో నెల జీతమంటే ఆశ పుట్టదా? సాకు. నరసక్క పంట మాత్రం పండిందా?

మా పక్క పెద్దమనిషి వస్తున్నాడంటే ఆడవాళ్లు గోడలకు ఎర్రమట్టి మెత్తి సున్నం కొడతారు. పాడుబడ్డ గోడ చూపించడం నామోషీ. దాన్నే వాడుకున్నాను.

"అక్కా, కోర్టు సారు వస్తాండాడు. ఇండ్లు ఇట్ల పెట్టుకుంటే మనల్ని మనుషులనుకుంటాడా?"

"నిజమేనప్పా! అయితే ఆయప్ప బీటలు చూడల్ల కదా?"

అడిగింది. ఆమె అడిగింది.

"ఫోటోలుండాయి కదక్కా నా దగ్గర. అవి చూపిస్తాలే."

"నువ్వుండావు, సరిపాయ" అని ఆమే ఇంటింటికీ పోయి చెప్పింది.

రెండు రోజుల్లో పన్నెండు ఇండ్లూ పెండ్లి ఇండ్లలా తెల్లబడ్డాయి. ఫోటోలు నా ట్రంకుపెట్టెలోనే ఉన్నాయి. కమిషనర్ ఇల్లిల్లూ తిరిగి చూసి, చెప్పుకోదగ్గ బీటలు లేవని రాసుకున్నాడు. నరసక్క నా వైపు చూసింది. ఫోటోలు చెల్లవంటున్నారక్కా అని ఆమె చెవిలో ఇంకో అబద్ధం చెప్పాను.

కేసు పోయింది. మరుసటి ఏడు వానకు పడమటి గోడ కూలింది. ప్రాణం పోలేదని దేవుడికి దండం పెట్టుకున్నాను, సిగ్గులేనివాణ్ణి. ఆమె పామిడిలో చెల్లెలింటికి చేరింది. గుమాస్తా పని నాకొచ్చింది. ఊళ్లో కొందరు గొణిగితే నరసక్కే వాళ్ల నోళ్లు మూయించింది. "కేసు పోయినంక ఆయప్ప కడుపెట్ల నిండల్ల?" అందట.

మిగతా పదకొండు ఇండ్ల వాళ్లూ తిట్టింది ఆమెనే. ఆమె మాట విని మెత్తుకుంటిమన్నారు. అప్పుడైనా నోరు విప్పి ఉండొచ్చు కదా? నా నోరేమయింది?

మొన్న పామిడి బస్టాండులో కనిపించింది. నడుము వంగిపోయింది. పక్కనున్నామెతో, "ఈయప్ప మా కోసం శానా తిరిగినాడు. నేనే బుద్ధి లేక నా చేతులారా చెడగొట్టుకుంటి" అంది. నా చేతిలో రెండు అరటిపళ్లు పెట్టింది. తీసుకున్నాను. బస్సెక్కాను.

ఆమెకు చెప్పాల్సింది మీకు చెబుతున్నాను. ఇదీ పిరికితనమే. మీరు నన్ను మన్నించొద్దు, అందుకు రాయలేదు. బుద్ధి లేనిది ఆమె కాదు. ఇంతకాలానికి ఆ మాట ఒక్కచోటైనా నా చేత్తో రాశాను.