కూర్చుని బయల్దేరిన పడవ

డాక్టరు కమ్మని మా నాన్న నన్ను రష్యా పంపారు. అక్కడి చలికీ శవాల గది వాసనకీ తట్టుకోలేక రెండేళ్ళకే విజయనగరం వచ్చిపడ్డాను. నాతో వచ్చింది భాషొక్కటే. మా బట్టల కొట్లో నేను చీరలు మడతపెడుతుంటే, వచ్చినవాళ్ళందరికీ నాన్న చెప్పేవారు: "మావోడికి రష్యా బాస వచ్చు. జొరం వస్తే మాత్రం వేరే డాక్టర్ని సూసుకోండి."

అందరి ఫోన్లలోకీ వాట్సాప్ కొత్తగా వచ్చిన రోజుల్లో ఆ భాషకి గిరాకీ తగిలింది. రష్యా నుంచి ఒక సినిమా రచయిత వచ్చాడు, నిర్మాత కూడా ఆయనే. శ్రీకాకుళం సముద్రపొడ్డున పడవ బయల్దేరే దృశ్యం తియ్యాలి. అందుకు దుబాసీ కావాలి.

దారిలో తన గోడంతా చెప్పుకున్నాడు. ఏళ్ళ తరబడి సీరియళ్ళకీ సినిమాలకీ రాశాడట. ఆయన చంపిన హీరోని నిర్మాత బతికించేవాడు. ఆయన పెళ్ళి చేసిన పిల్లని దర్శకుడు నూతిలోకి తోసేవాడు. తెరమీద తన పేరు చూసుకుని, ఈ కథ ఎవడు రాశాడ్రా అనుకునేవాడట. చివరికి తోట ఇల్లు అమ్ముకుని తనే నిర్మాతయ్యాడు. ఈ ఒక్క సినిమాకైనా తన ముగింపే ఉండాలి. వాళ్ళ నాన్న ఒకప్పుడు విశాఖలో ఇంజనీరుగా పనిచేసి, ఈ తీరం గురించి కథలు కథలుగా చెప్పేవాడట. సినిమాలోనూ ఒక ముసలి ఇంజనీరు తెల్లారగట్ల పడవెక్కి సముద్రంలోకి వెళ్తాడు, తిరిగి రాడు.

"ముక్క కూడా మార్చను" అన్నాడు. ఆ మొండితనం నాకు నచ్చింది.

పడవ ఒక పెద్దావిడది. భర్త పోయాక కొడుకులిద్దర్నీ వేటకి పంపి, చేపలు తనే అమ్మేది. ఆ ఒడ్డున ఆవిడ మాటే మాట.

తూర్పు తెల్లబడుతోంది. ముసలి ఇంజనీరు వేషంలో నటుడు పడవెక్కబోతున్నాడు. అంతలో మా రచయిత తనవాళ్ళందర్నీ పిలిచి ఇసుకలో చతికిలబడ్డాడు. ఎవరూ నోరు విప్పలేదు. రష్యావాళ్ళు ప్రయాణానికి ముందు అలా కాసేపు కూర్చుంటారు. హాస్టల్లో చూసి చూసి అలవాటైన నాకు అందులో వింతేమీ కనపడలేదు.

మనవాళ్ళు బయల్దేరబోయి కూర్చున్నారంటే ఎవరో తుమ్మినట్టే. పెద్దావిడ చెంబుతో మంచినీళ్ళు తెచ్చిచ్చింది. ఆయన మర్యాదగా తాగాడు. ఇంకేముంది, ఆవిడ అనుమానం రూఢి అయిపోయింది.

"ఎవుడ్రా తుమ్మినోడు?" అంది కొడుకులతో.

"నాను కాదమ్మా. తమ్ముడికే రొంప" అన్నాడు పెద్దాడు.

"రొంప ఉన్నాది గానీ తుమ్మనేదు" అని చిన్నాడు మొహం ముడుచుకున్నాడు.

"తుమ్మయితే నీల్లతో పోతాది. మరోటయితే ఇయ్యాల పడవ దిగదు. ఏటైనాదో తేలాల."

ఆకాశం ఎర్రబడుతోంది. ఇంకాసేపైతే ఆయన రాసుకున్న మసక వెలుగు ఉండదు, మర్నాడే విమానం.

"శకునం కాదు పెద్దమ్మా, ఆల్ల పద్ధతే అంత" అన్నాను.

"ఊరికే ఎవులైనా కూకుంటారేటి బావూ? ఎందుకు కూకున్నాడో ఆయన్నే అడుగు."

అడిగాను. "వెళ్ళినవాళ్ళు క్షేమంగా తిరిగి రావాలని. మా నాన్న ఎప్పుడూ ఇలా కూర్చోబెట్టేవాడు" అన్నాడాయన.

అది చెప్పగానే ఆవిడ మొహం విప్పారింది. "మంచి పద్ధతే. ఒరే, మీరూ కూకోండ్రా" అని కొడుకుల్ని కూర్చోబెట్టి తనూ కూర్చుంది. అందరం కూర్చుని లేచాక, కొడుకులు నటుణ్ణి ఎక్కించుకుని వేటకి పడవ దింపారు. కావలసిన వెలుగు కొంచెం మిగిలే ఉంది.

పడవ చుక్కంతయ్యాక ఆయన కెమెరా సర్దేయమన్నాడు. పెద్దావిడకి అర్థం కాలేదు.

"అదేటి, పడవ రాకుండానే సర్దేస్తన్నారేటి?"

"కథలో ఆ ముసలాయన మరి రాడు పెద్దమ్మా."

"కూకుని ఎల్లినాడు కదా బావూ. రాకపోతే మరెందుకు కూకున్నట్టు?"

ఉన్నదున్నట్టు రష్యన్‌లో చెప్పాను. కోప్పడతాడేమోనని భయమేసింది. ఆయన సముద్రంకేసి చూసి, కెమెరాని మళ్ళీ బిగించమన్నాడు.

ఎండ నెత్తికెక్కినా అక్కణ్ణించి కదల్లేదు. ఆవిడ పెట్టిన చద్దన్నం, ఎండుచేపల పులుసు తిని, కారానికి ముక్కు తుడుచుకుంటూ కూర్చున్నాడు. ఆఖరికి పడవ వచ్చింది. వాంతులతో వాడిపోయిన నటుడు, చేపల బుట్ట పట్టుకుని నవ్వుతూ దిగాడు. కెమెరా తిరుగుతూనే ఉంది.

ఆయన రాసిన ముగింపు మళ్ళీ మారిపోయింది. ఈసారి మార్చింది మాత్రం ఆయనే.