పొగ లేవని ఇల్లు

తెల్లవారగానే మా పల్లెలో అందరం చేసే పని ఒకటుంది. సిలువ గుర్తు వేసుకుని, కిటికీలోంచి పక్కింటి పొగగొట్టం వైపు చూస్తాం. పొగ లేస్తుంటే ఆ ఇంట్లోవాళ్లు లేచారు, బాగానే ఉన్నారు. లేవకపోతే శాలువా కప్పుకుని వెళ్లి తలుపు తట్టాలి. ముసలివాళ్లమే మిగిలిన ఊళ్లో ఒకరినొకరం కాచుకునే పద్ధతి ఇదే.

అందుకే ఆ చలికాలమంతా తైసియా ఇల్లు నాకు బెంగ అయిపోయింది.

తైసియా ఉక్రెయిన్ మనిషి. మరియుపోల్‌లో ట్రామ్ నడిపేది. యుద్ధంలో భర్త పోయాక, మూడేళ్ల కూతురు జ్లాతాను చంకనేసుకుని మా లాట్వియా తూర్పు కొసకు వచ్చింది. చనిపోయిన అంతోనియా ఇల్లు ఖాళీగా ఉంటే ఫాదరుగారు ఆమెకు ఇప్పించారు. మా ఊరి నొర్బెర్ట్స్ తన ట్రాక్టరు మీద కట్టెలు తెచ్చి గోడవారన పేర్చాడు. నా నేస్తం గెనోవెఫా బంగాళాదుంపలూ ఊరబెట్టిన క్యాబేజీ పంపింది. బడి వంటశాలలో పని దొరికింది. ట్రామ్ నడిపిన చేయి కదా, గంటె తిప్పినా కుదుపు లేకుండా తిప్పేది. ఆమెకూ మాకూ ఉమ్మడిగా వచ్చిన భాష రష్యన్ ఒక్కటే. దాన్ని కూడా ఎవరో వింటారన్నట్టు గుసగుసగానే మాట్లాడేది.

తొలిమంచు పడ్డాక కూడా ఆమె పొయ్యి వెలిగించలేదు. చిన్న కరెంటు హీటరుతో నెట్టుకొచ్చింది. ప్రతి ఉదయం నేను వెళ్లి తట్టేదాన్ని. తలుపు సందులోంచి చూసి, "బాగానే ఉన్నాం పెద్దమ్మా" అనేది.

"నొర్బెర్ట్స్ ఆ కట్టెలు కొట్టింది చూసుకోవడానికా?" అని గెనోవెఫా సాధించేది. "పట్నం పిల్ల కదా, చేతులకు మసి అంటుతుందని!"

"ఊరుకోవే. ఆ పిల్ల కళ్లు చూశావా ఎప్పుడైనా?"

"చూశాను. అందుకేగా క్యాబేజీ పంపుతున్నాను," అని మొహం తిప్పుకునేది.

జనవరిలో మంచుతుపాను వచ్చి కరెంటు తీగలు తెంపేసింది. పొద్దున మంచు ఆగింది కానీ గాలి ఆగలేదు. తైసియా ఇంటిమీద ఎప్పటిలాగే పొగ లేదు. ఇప్పుడు హీటరూ లేదు. జపమాల జేబులో వేసుకుని, మోకాళ్ల లోతు మంచులో పడుతూ లేస్తూ వెళ్లాను.

గదిలో మాట్లాడితే నోట ఆవిరి వస్తోంది. జ్లాతా ఆగకుండా దగ్గుతోంది, పెదవులు నీలంగా ఉన్నాయి. తల్లి తన కోటు కూడా తీసి దానికే కప్పింది. ఆ గాలిలో దాన్ని మా ఇంటికి మోసుకుపోయే ధైర్యం నాకు చాలలేదు.

"పొయ్యి వెలిగించు తల్లీ."

"వద్దు పెద్దమ్మా."

"కట్టెలు తడిశాయా?"

"లేదు." పిల్లను ఇంకా దగ్గరికి లాక్కుంది. "అక్కడ మేం నేలమాళిగలో దాక్కున్నాం. పెరట్లో ఇటుకలు పేర్చి చారు కాచుకునేవాళ్లం. పొగ లేచిన పెరటిమీదే బాంబు పడింది. మా ఆయన చారు గిన్నె మూత తీసి చూస్తున్నాడు..." పిల్ల చెవులమీదికి కోటు లాగింది. "పొగ వస్తే మనుషులున్నారని తెలిసిపోతుంది పెద్దమ్మా. రష్యా సరిహద్దు ఎంత దూరం ఇక్కడికి?"

మనుషులున్నారని తెలియాలనే కదా మేం పొగ చూసేది! మరియతల్లిని తలుచుకున్నాను. కిటికీ అద్దం మీద పేరుకున్న మంచును గోటితో గీకి, ఆమెను దగ్గరికి పిలిచాను.

"చూడు. అది గెనోవెఫా ఇల్లు. అది నొర్బెర్ట్స్‌ది. ఆ చివరది ఫాదరుగారిది. అన్నిటిమీదా పొగే. దూరం నుంచి ఎవరైనా చూస్తే వేరుగా కనబడే ఇల్లు ఏది?"

ఒక్కో కప్పునూ వేలితో లెక్కపెట్టింది.

"మాదే," అంది.

"అయితే మాలో కలిసిపో తల్లీ."

వెలిగించనా అని చెయ్యి చాస్తే వద్దని తలూపింది. ముందు బకెట్టు నిండా నీళ్లు తెచ్చి పొయ్యి పక్కన పెట్టుకుంది. తర్వాత అగ్గిపుల్ల గీసింది. అది ఆరిపోయింది. మళ్లీ గీసింది. కట్టె బెరడు చిటపటమని అంటుకుంది. పొగ పైకి పోతుంటే ఆమె కళ్లు కప్పువైపే, చెవులు బయటికే.

పొయ్యి ఇటుకలు ఇంకా వెచ్చబడకముందే బయట గరగరమని పెద్ద చప్పుడు మొదలై ఇంటివైపే వచ్చింది. తైసియా చటుక్కున బకెట్టు ఎత్తింది. నేను మణికట్టు పట్టుకున్నాను.

"మన నొర్బెర్ట్సే. ట్రాక్టరుతో మంచు తోస్తున్నాడు."

చప్పుడు గుమ్మం ముందే ఆగింది.

"పొగ కనబడింది, అందుకే ఇటు తిప్పాను!" అని బయటినుంచి కేక.

బకెట్టులో నీళ్లు తొణికి నా పాదాల మీద పడ్డాయి.

"పాలు తెచ్చానమ్మా! గెనోవెఫా తేనె కూడా ఇచ్చింది, పిల్లదాని దగ్గుకి. తిడుతూనే ఇచ్చిందిలే. తలుపు తీయండి, నా చేతులు కొయ్యబారిపోతున్నాయి!"

నేను తలుపు వైపు కదలబోయాను. ఆమె నన్ను ఆపి, బకెట్టు కింద దించి, తనే వెళ్లి గడియ తీసింది. పాల డబ్బా రెండు చేతులతో అందుకుని అలాగే నిలబడిపోయింది.

బకెట్టు పొయ్యి పక్కనే ఉండిపోయింది. నేనూ దాన్ని అక్కడినుంచి తీయలేదు.