రాజవ్వ ముళ్ల కంచె

ఈ ఉదయం డాబా మీద నిమ్మచెట్టు కొమ్మ కత్తిరిస్తుంటే ముల్లు బొటనవేలి గోరు పక్కన దిగింది. చుర్రుమని మండింది. రక్తపు చుక్కను కొంగుకు తుడుచుకుంటూ, ఇంత వయసొచ్చినా నాకు ముల్లును పట్టుకోవడం రాలేదే అని నవ్వుకున్నాను. ఆ విద్య నేర్పాలని చూసిన మనిషి రాజవ్వ. మోస్రాలో ఆమె ఇంటి ముందుగదిలో నేను రెండేళ్లు అద్దెకున్నాను.

పందొమ్మిది వందల అరవైల చివర్లో నాకు ఆ ఊరి బడిలో సైన్సు టీచరుగా ఉద్యోగం వచ్చింది. నిజామాబాద్ టౌన్లో పుట్టి పెరిగినదాన్ని, చెరుకును రసం బండి దగ్గర తప్ప చూసి ఎరగను. అయినా నా చదువు మీద నాకు తగని గర్వం. ఒక సాయంత్రం పాఠం రాసుకుంటూ, నిమ్మముల్లు అంటే కొమ్మే అలా మారిందనీ, ఏదుపంది ఒంటి మీది ముళ్లు నిజానికి గట్టిపడ్డ వెంట్రుకలనీ రాజవ్వకు గొప్పగా చెప్పాను. ఆమె చేట పక్కన పెట్టింది.

“గది ఎంటికనా? నీ పుస్తకం పాడుగాను! మరి రేగుచెట్టుకు ఒక ముల్లు నిలువు, ఒక ముల్లు వంకర ఎందుకుంటయో చెప్పు?”

రెండూ ఆకు మొదట్లో పుడతాయని పుస్తకంలో ఉంది. ఎందుకలా ఉంటాయో లేదు.

“నిలువుది పొడుస్తది, వంకరది పట్టుకుంటది. పొడిస్తే అడవిపంది ఉరుకుతది. పట్టుకుంటే మల్ల రాదు,” అంది.

రాజవ్వకు అప్పటికే యాభై దాటాయి. భర్త పోయినప్పటి నుంచి చెరుకుచేను ఒక్కతే చూసుకుంటోంది. ఆ చేనును పాలుకు, అంటే పంటలో వాటా మీద, తనకివ్వమని మరిది లింగం వెంటపడేవాడు. అలా ఇస్తే చేను తిరిగి తన చేతికి రాదని ఆమెకు తెలుసు. ఆ ఏడాది అడవిపందుల బెడద ఎక్కువైంది. బోధన్ చక్కెర ఫ్యాక్టరీ నుంచి కోత పర్మిట్ రావడానికి ఇంకా నెల ఉంది. “కోత దాక చెరుకు నిలవెట్టకుంటే నువ్వే దున్నుకో, పో!” అని లింగంతో నలుగురిలో అనేసింది. మాట జారడం ఆమె అలవాటు కాదు, ఆ రోజు ఎంత ఒళ్లు మండిందో మరి.

ఆదివారం బండెడు తుమ్మకంప, రేగుకంప కొట్టించి తెచ్చింది. ఆమె చేను లోపల నిలబడి, పంగల కర్రతో ఒక్కో కొమ్మను లాక్కుని, మొదలు తన వైపు, ముళ్లు బయటికి ఉండేలా పేర్చి అదిమేది. నేనూ సాయం చేస్తానని తూర్పు మూల తీసుకున్నాను.

“నేనెట్ల పెడ్తున్ననో చూసి పెట్టు, పంతులమ్మా,” అంది.

నేను చూడలేదు. చేతులు గీరుకుంటాయని గట్టు బయట నిలబడి, మొదలు పట్టుకుని ముళ్లకొసను చేను వైపు తోసుకుంటూ పోయాను. ఒక్క గీత పడకుండా పని ముగించానని మురిసిపోయాను. అప్పటికే పొద్దు గూకింది, ఆమె ఆ మూలకు రానేలేదు. నా ముళ్లన్నీ చెరుకును బెదిరిస్తున్నాయి, పందులకు ఎదురుగా నున్నటి మొదళ్లున్నాయి.

మర్నాడు పొద్దున వెళ్లి చూస్తే పందులు సరిగ్గా అక్కడే దూరి నాలుగు సాళ్లు పడగొట్టాయి. లింగం అప్పటికే గట్టు మీదున్నాడు.

“ఏంది వదినె, గిదేనా నీ కంచె? గింత ఉల్టా ఎవలు కట్టిండ్రు?”

“నేనే కట్టిన,” అంది రాజవ్వ, నా వంక చూడకుండా.

కంచె కట్టడంలో ఊళ్లో ఆమెను మించినవాళ్లు లేరు. ఆ పేరును నాకోసం ఒక్క మాటతో వదిలేసుకుంది. “కాదు, నేను కట్టాను. ఆమె చూడలేదు,” అన్నాను. లింగం పగలబడి నవ్వాడు. నాకు ఏడుపు ఆగలేదు. ఉద్యోగం మానేసి ఇంటికి పోతానని కూడా అన్నాను.

రాజవ్వ కసురుకుంది. “ఏడుస్తె కంచె లేస్తదా? తప్పు ఎవలదన్నది తర్వాత. బడికి ఇంక ఎంత సేపున్నది, గది చెప్పు.”

“రెండు గంటలు.”

“సాలు. లోపలికి రా. మొదలు నీ దిక్కు పట్టు.”

నా కట్టు మొత్తం ఊడదీసి మళ్లీ పేర్చాం. మోచేతుల దాకా గీరుకుపోయింది. ఆ చేతులతోనే బడికెళ్లి బోర్డు మీద పాఠం రాశాను. తర్వాత నెలరోజులూ ప్రతి ఉదయం ఇద్దరం కంచె చుట్టూ తిరిగేవాళ్లం. ఎక్కడ పలచబడితే అక్కడ రేగుకంప కుక్కేవాళ్లం. పర్మిట్ వచ్చింది, కోత పడింది. చెరుకు బండ్లు బోధన్ దారి పట్టిన రోజు లింగం గట్టు మీద నిలబడి చూస్తున్నాడు. రాజవ్వ అతన్ని ఒక్క మాట దెప్పలేదు.

“నీ చేనుకు కంప కొట్టిస్తే చెప్పు, వస్త,” అంది.

అతను తల ఊపి వెళ్లిపోయాడు. ఆ చేను ఆఖరిదాకా రాజవ్వ చేతిలోనే ఉంది.

ఆమె పోయి చాలా ఏళ్లయింది. మోస్రా వదిలిన చాలాకాలం తర్వాత మరో ఊళ్లో, నేను మార్కులు కూడడంలో చేసిన తప్పు వల్ల ఒక అమ్మాయి పదో తరగతికి వెళ్లకుండా ఆగిపోయింది. పేపర్లు కట్టగట్టి బీరువాలో పెట్టేశారు. నేను నోరు మూసుకుంటే ఎవరికీ తెలియదు. ఒక పూటంతా అలాగే కూర్చున్నాను, అబద్ధం ఎందుకు. సాయంత్రం లేచి హెడ్మాస్టరు గదికి వెళ్లి, తప్పు నాదని చెప్పి, దిద్దడానికి గడువెంతుందని అడిగాను. మర్నాటి మధ్యాహ్నం దాకా అన్నాడు. తరగతి పేపర్లన్నీ మొదటి నుంచి మళ్లీ దిద్దాను. స్టాఫ్‌రూములో కొన్నాళ్లు నా పేరు పోయింది. ఆ అమ్మాయి పదో తరగతిలో కూర్చుంది.